మరో ముగ్గురు

ఆ కోర్టులో ఆయన్ని సొంత పేరుతో పిలిచేవాళ్ళు ఎవరూ లేరు. ఊళ్ళోవాళ్ళ పేర్లన్నీ ఎలుగెత్తి పిలిచే మనిషికి తన పేరంటూ మిగలకపోవడం విడ్డూరమే గానీ, లోకం తీరే అంత. ప్లీడర్లకీ, గుమాస్తాలకీ, మెట్ల కింద టీ అమ్మే ఆవిడకీ కూడా ఆయన 'మైకు'. ఛాతీకి అడ్డంగా ఎర్ర పట్టీ, దాని మీద ఇత్తడి బిళ్ళ తగిలించుకుని, రెండో అంతస్తు హాలు గుమ్మంలో నిలబడి కేసు నంబరూ పేర్లూ మూడేసి సార్లు పిలవడం ఇరవై ఆరేళ్ళుగా ఆయన ఉద్యోగం. మూడు పిలుపులకీ ఎవరూ పలక్కపోతే లోపల జడ్జిగారు కేసు కొట్టేస్తారు. పిలిచినవాడి తప్పు లేదు, కొట్టేసినవాళ్ళ తప్పూ లేదు. పాపమంతా రానివాడిదే.

మైకుకి రెండు గొప్పలు. ఆయన గొంతు కింది అంతస్తులో ఫైళ్ళ మీద నిద్రపోతున్న గుమాస్తాని కూడా లేపుతుంది, అది మొదటిది. ఏ నంబరు ఎన్నింటికి వస్తుందో జాబితా ఒక్కసారి చూసి చెప్పేయగలడు, అది రెండోది. పెద్ద ప్లీడర్లు సైతం పొద్దున్నే వచ్చి, మైకూ, మా పద్నాలుగు ఎప్పుడొస్తుందయ్యా అని అడిగి, ఆయన చెప్పిన మాట మీద టిఫినుకి పోతారు. ఆయన లెక్క పది నిమిషాలు అటూ ఇటూ అయ్యేది తప్ప తప్పింది లేదు. జడ్జిలు మారిపోతూ ఉంటారు, మైకు మారడు. ఆ సంగతి ఆయనకి మరీ బాగా తెలుసు, అదే వచ్చిన చిక్కు.

కొత్తగా వచ్చిన జడ్జిగారికి పాత ఫైళ్ళంటే ఒళ్ళుమంట. మోటారు ప్రమాదాల నష్టపరిహారం అప్పీళ్ళు ఆరేళ్ళకి పైబడినవి బీరువాల్లో మగ్గుతున్నాయని తెలిసి, నలభై ఐదింటిని ఒకే రోజుకి వేయించారు. ఎవరూ హాజరు కాకపోతే వాయిదా ఉండదు, కొట్టివేతే అని కింద ఒక వాక్యం రాయించారు. ఆ కాగితానికి జిగురు రాసి నోటీసు బోర్డుకి అంటించింది మైకే. అంటిస్తూ చూశాడు. ముప్ఫై ఒకటో నంబరు ఆయన తమ్ముడి కేసు.

తొమ్మిదేళ్ళ కిందటి మాట. తమ్ముడు వెల్డింగు పనివాడు. బడి నుంచి ఏడేళ్ళ కూతుర్ని బండి మీద తీసుకొస్తుంటే మలుపులో లారీ గుద్దింది. పిల్లకి గడ్డం మీద ఆరు కుట్లు పడ్డాయి, తండ్రి అక్కడికక్కడే పోయాడు. కింది కోర్టు పరిహారం ఇచ్చింది గానీ, తప్పులో సగం చనిపోయినవాడిదే అని రాసి, ఇచ్చినదాంట్లో సగం కోసేసింది. లారీ డ్రైవరు చెప్పిందే సాక్ష్యం. ఏడేళ్ళ పిల్ల మాట ఎవరడిగారు? నాన్న బండి ఆపే ఉన్నాడు, లారీయే మా మీదికొచ్చింది అని ఆ పిల్ల ఆనాటి నుంచీ ఈనాటి దాకా ఒకే మాట మీద ఉంది. మరదలు షెడ్డు మూసేయకుండా మొగుడి వెల్డింగు కళ్ళద్దాలు తనే పెట్టుకుంది. ఆ సగం తప్పు తీసేయించాలని అప్పీలు వేసింది. వచ్చింది పుచ్చుకుని ఊరుకోమని మైకు అప్పట్లో నచ్చజెప్పబోయాడు. కోర్టు సంగతులు నాకు తెలీదా, ఏళ్ళూపూళ్ళూ పడుతుంది అన్నాడు. మరదలు వినలేదు. ఇద్దరి మధ్యా మాటలు తగ్గిపోయాయి.

పైగా ఆయన ఇంకో నియమం పెట్టాడు. కోర్టులో నేను మీకేమీ కాను, నన్ను పలకరించొద్దు, నలుగురూ చూస్తే పక్షపాతం అంటారు అని చెప్పాడు. మరదలూ పిల్లా వాయిదాలకి వచ్చినప్పుడల్లా వరండా చివర స్తంభం దగ్గర నిలబడేవారు. ఆయన వాళ్ళని చూడనట్టే దాటిపోయేవాడు. ఇన్నేళ్ళూ అలాగే దాటాడు, నిజాయితీ అంటే అదే అనుకున్నాడు.

నోటీసు అంటించిన సాయంత్రం ఆయనే ఫోను చేశాడు. పొద్దున్నే వచ్చేస్తామంది మరదలు. వద్దన్నాడు. ముప్ఫై ఒకటంటే భోజనాల తర్వాత మాట, రెండింటికి రండి చాలు, షెడ్డు పని పాడుచేసుకోకండి అన్నాడు. మరదలు ఇంకా నసుగుతుంటే, ఇరవై ఆరేళ్ళ సర్వీసమ్మా నాది అని కసిరాడు. వాళ్ళ ప్లీడరుకీ అదే చెప్పాడు. ఆయన సరేనని ఆ పూటకి వీధికి అవతలి భవనంలో ఇంకో కేసు పెట్టుకున్నాడు. చివర్లో పిల్ల ఫోను తీసుకుంది.

"పెదనాన్నా, రేపు కొట్టేస్తే నాన్నదే తప్పని ఖాయమైపోతుందా?"

"ఎందుకు కొట్టేస్తారే? నేను లేనూ అక్కడ" అన్నాడు మైకు.

మర్నాడు పదిన్నరకి జడ్జిగారు కూర్చునే సరికి వరండాలో జనం పలచగా ఉన్నారు. వచ్చిన ఆ కొద్దిమందీ అలవాటుగా మైకు దగ్గరికే వెళ్ళి తమ నంబరు ఎన్నింటికని అడిగారు. మైకు అలవాటుగా చెప్పాడు. చేతికర్ర పట్టుకున్న ఒక ముసలాయన వచ్చాడు, కొడుకు కేసట, ఇరవై నాలుగో నంబరు. ప్లీడరు చనిపోయాడని, ఇంకొకర్ని పెట్టుకునే ఓపిక లేదని, తనే చెప్పుకుంటానని అన్నాడు. పన్నెండు దాటాలి తాతా, ఈ మెట్లెక్కి ఆయాసపడుతున్నావు, కిందికెళ్ళి టీ తాగి కూర్చో అని మైకు పంపించాడు. మంచి చేశాననే అనుకున్నాడు.

మొదటి ఎనిమిది నంబర్లూ మామూలుగానే నడిచాయి. తొమ్మిది పిలిచాడు, ఎవరూ లేరు. పది పిలిచాడు, లేరు. పదకొండుకీ లేరు. జడ్జిగారు తల ఎత్తకుండా ఒక్కటే వాక్యం చెబుతున్నారు. అప్పీలుదారులు హాజరు కానందున కొట్టివేయడమైనది. బెంచి క్లర్కు ఆ ఫైలు అవతల పెట్టి ఇంకోటి అందిస్తున్నాడు. ఒక్కో కేసుకి నిమిషం కూడా పట్టడం లేదు. ఆరేళ్ళు బీరువాలో కూర్చున్న కేసు మూడు కేకల్లో ముగిసిపోతోంది.

పదిహేను దాకా మైకుకి ఏమీ తట్టలేదు. పదిహేడు పిలుస్తూ లెక్క మళ్ళీ వేసుకున్నాడు. వాదన జరిగితేనే కదా కేసుకి సమయం పట్టేది. ఒకడు రాకపోతే వెనకవాడి వంతు ముందుకొస్తుంది. ఇంకా టైముందిలే అనుకున్న ఆ వెనకవాడూ ఉండడు. వాడు లేకపోతే ఆ వెనకవాడిది ఇంకా ముందుకు జరుగుతుంది. మనుషులు లేకపోవడం వల్లే జాబితా పరుగెడుతోంది, జాబితా పరుగెట్టడం వల్ల ఇంకా మనుషులు తప్పిపోతున్నారు. ఇరవై ఆరేళ్ళ లెక్కలో ఈ ముక్క ఏనాడూ లేదు. ఊరందరికీ శకునం చెప్పే బల్లి తనే పోయి కుడితి తొట్టిలో పడిందంటారు, అదీ ఆయన పరిస్థితి.

గోడ గడియారం పదకొండు దాటింది. హాల్లోకి ఫోన్లు తేకూడదు, ఆయనది కింద పెట్టెలో ఉంది. వరండాలో పోతున్న టైపిస్టుని కళ్ళతోనే పిలిచి, ముప్ఫై ఒకటి ప్లీడరుకీ, మా మరదలికీ ఫోను చెయ్యమ్మా అని గొణిగి నంబర్లు చెప్పాడు. ఆవిడ పాపం గబగబా వెళ్ళి, రెండు నంబర్ల తర్వాత గుమ్మం దగ్గరికొచ్చి తల అడ్డంగా ఊపింది. ఆయన అవతల వాదనలో ఉన్నాడట, ఫోను ఆపేసి ఉంది. మరదలు షెడ్డులో మిషను మోతకి ఫోను ఎత్తడం లేదు. పిల్ల బడిలో ఉంది.

ఇరవై నాలుగు వచ్చింది. మైకు మూడుసార్లు పిలిచాడు. మూడోసారి పిలుస్తూ మెట్ల వైపు చూశాడు. ఎవరూ రాలేదు. జడ్జిగారు ఆ వాక్యం చెప్పారు, బెంచి క్లర్కు ఫైలు అవతల పెట్టాడు. ఇరవై ఐదు పిలిచి లోపలికి తిరిగేసరికి చేతికర్ర చప్పుడు వినిపించింది. ముసలాయన మెట్లెక్కి వచ్చాడు, ఒక చేతిలో కర్ర, ఇంకో చేతిలో రెండు కాగితం కప్పులు ఒకదాని మీద ఒకటి. ఒకటి మైకుకి తెచ్చాడు.

"ఇంతమందిని పిలుస్తున్నావు, గొంతు ఎండిపోతుంది కదా బాబూ" అన్నాడు. ఆ తర్వాత, తన నంబరుకి ఇంకా ఎంతసేపుందని అడిగాడు.

 మైకు, కూర్చో తాతా అని గుమ్మం పక్కనున్న బల్ల చూపించాడు. 

ఇరవై ఆరు, ఇరవై ఏడు. ఆలస్యం చేద్దామని వరండా ఆ చివరి దాకా నడిచివెళ్ళి పిలిచాడు. తిరిగొచ్చేసరికి జడ్జిగారు, గుమ్మంలోంచి పిలిస్తే వినపడదా, ఎందుకీ నడక అని అడిగారు. ఇన్నేళ్ళలో ఆయనకి పడిన మొదటి మాట అది. బెంచి క్లర్కు పాత స్నేహితుడు, విషయం కనిపెట్టాడు. ఫైలు కిందికి తోసేద్దామా అన్నట్టు చూశాడు, జడ్జిగారి ముందున్న జాబితా చూసి చేతులు వెనక్కి తీసుకున్నాడు. ఇరవై ఎనిమిది. ఇరవై తొమ్మిది.

ముప్ఫై పిలిచేసరికి రెండు వైపులా ప్లీడర్లు లేచారు. మైకు ప్రాణం లేచొచ్చింది. ఇద్దరూ నల్లకోట్లు సవరించుకుంటున్నారు, అరగంట వాదించుకోండి నాయనా, కావాలంటే కొట్టుకోండి అని మనసులో మొక్కుకున్నాడు. వాళ్ళు నవ్వుతూ ఒక కాగితం అందించారు. రాజీ అయిపోయారట. రెండు నిమిషాల్లో ముగిసింది. అడుగడుగునా మనుషులు కొట్టుకు చచ్చే ఈ లోకంలో వీళ్ళకి రాజీ పడటానికి ఇవాళే దొరికింది.

బెంచి క్లర్కు ముప్ఫై ఒకటో ఫైలు విప్పాడు. గడియారం పదకొండూ ఇరవై. మరదలు రావడానికి ఇంకా రెండు గంటల నలభై నిమిషాలుంది, ఆ టైము చెప్పింది ఎవరో మైకు మర్చిపోలేదు. రావొద్దని కసిరింది కూడా తనే. ఫోనులో పిల్ల అడిగిన మాట చెవిలో గింగురుమంటోంది. తమ్ముడు బతికుండగా ఒక్క చెడ్డమాట పడనివాడు. ఇంకో నిమిషంలో వాడి తప్పు ఖాయం, ఖాయం చేసే కేక వేయాల్సింది అన్నగారు.

మొదటిసారి పిలిచాడు. నంబరు, మరదలి పేరు, ఆ వెనక 'మరో ముగ్గురు', ఎదుటి వైపు ఇన్సూరెన్సు కంపెనీ. కంపెనీ ప్లీడరు లేచి నిలబడ్డాడు. వరండా ఖాళీగా ఉంది.

రెండోసారి పిలిచాడు. టీ అమ్మే ఆవిడ కింద నుంచి తల ఎత్తి చూసింది. అంత గట్టిగా ఆయన ఎప్పుడూ పిలవలేదట, తర్వాత ఆవిడే చెప్పింది.

మూడోసారి మరదలి పేరు దాకా వచ్చి, 'మరో' అన్నాక ఆగిపోయాడు.

ఎన్ని వేలసార్లు పిలిచి ఉంటాడు ఆ మాట. మరో ఇద్దరు, మరో ముగ్గురు, మరో ఐదుగురు. ఆ మరో అన్నవాళ్ళు ఎవరని ఏనాడైనా అనుకున్నాడా? పేరున్నవాళ్ళు ఒకరు, తక్కినదంతా లెక్క. ఈ ముగ్గురెవరు? ఒకరు పిల్ల. ఒకరు అమ్మ, కొడుకు కేసు తేలకుండానే మూడేళ్ళ కిందట కన్నుమూసింది. మూడోవాళ్ళెవరు?

అమ్మ పోయిన నెలకి ప్లీడరు గుమాస్తా భోజనాల వేళ మెట్ల దగ్గర ఒక కాగితం పట్టుకుని నిలబడ్డాడు. అమ్మ వాటాకి వారసుడిగా మిమ్మల్ని కేసులో చేర్చాలి, సంతకం పెట్టండి అన్నాడు. ఈ కేసులో నాకేమీ వద్దయ్యా అంటూనే, గోడకి ఆనించి, చదవకుండా గీకేశాడు. మరదలు అప్పుడు స్తంభం దగ్గరే ఉంది. ఆ మాట విన్నది కూడా. కాగితం ఫైల్లోకి పోయింది, సంగతి ఆయన బుర్రలోంచి పోయింది.

"ముగ్గురు" అన్నాడు మైకు. 

లోపల జడ్జిగారు అప్పటికే మొదలుపెట్టారు. అప్పీలుదారులు హాజరు కానందున, అనే దాకా వచ్చారు. మైకు గుమ్మం దాటి లోపలికి నడిచాడు. నడుస్తూనే పట్టీ భుజం మీంచి తీశాడు. బిళ్ళ బెంచి క్లర్కు బల్ల మీద పెడితే టంగుమని మోగింది. వెళ్ళి కక్షిదారులు నిలబడే చోట నిలబడ్డాడు. ఇరవై ఆరేళ్ళు ఆ హాల్లో తిరిగినవాడు, ఆ చోట కాలు పెట్టడం అదే మొదలు.

"ఉన్నానండీ."

జడ్జిగారు తల ఎత్తి, ఏం కావాలని అడిగారు. ఆయన ఏదో కబురు చెప్పడానికి వచ్చాడనుకున్నారు.

"నాలుగో అప్పీలుదారుణ్ణండీ. చనిపోయినవాడికి అన్నని."

కంపెనీ ప్లీడరు నవ్వు ఆపుకోలేకపోయాడు. జడ్జిగారు నవ్వలేదు. ఫైలు మొదటి పేజీ తీయించి, పేరు చెప్పమన్నారు. మైకు తన పేరు చెప్పాడు. హాల్లో సగం మంది ఆ పేరు వినడం అదే మొదటిసారి. జడ్జిగారు వేలు పెట్టి చూసుకున్నారు. ఉంది.

మీ కేసున్న హాల్లో మీరే డ్యూటీ చేస్తూ, ఆ సంగతి ఎవరికీ చెప్పలేదేమని గట్టిగానే అడిగారు. సంతకం పెట్టిన సంగతి ఇప్పుడే గుర్తొచ్చిందని చెప్పాడు. ప్లీడరు ఏడని అడిగారు. భోజనాల తర్వాత రమ్మని తనే చెప్పానని, ఇంట్లోవాళ్ళకీ అదే చెప్పానని ఒప్పుకున్నాడు.   కంపెనీ ప్లీడరు ఏదో అనబోతే జడ్జిగారు చెయ్యెత్తి ఆపి, రాయమన్నారు. నాలుగో అప్పీలుదారు స్వయంగా హాజరు. వాదనకి వచ్చే వారం. ఇది కాక, ఉద్యోగి రేపటికల్లా రాతపూర్వకంగా సంజాయిషీ ఇవ్వాలి, రేపటి నుంచి ఈ హాల్లో డ్యూటీ లేదు.

కేసు బతికింది. ఇక నోరు మూసుకుని బయటికి రావడమే. తెలివైనవాడు ఎవడైనా అదే చేస్తాడు. మైకు వెనక్కి తిరిగాడు. గుమ్మం పక్క బల్ల మీద ముసలాయన, రెండు కప్పులూ ఒలికిపోకుండా పట్టుకుని, తన నంబరు కోసం చెవులు రిక్కించి కూర్చున్నాడు. ఆయన నంబరు పోయి పావుగంటయింది.

మైకు మళ్ళీ జడ్జిగారి వైపు తిరిగాడు. బిళ్ళ ఉన్నన్నాళ్ళూ ఆ హాల్లో సొంత మాట ఒక్కటి మాట్లాడే హక్కు లేదు. ఇప్పుడు బిళ్ళ లేదు.

"ఇంకో మాటండీ. ఇరవై నాలుగో నంబరాయన పదిన్నరకే వచ్చారు. టైముందని నేనే టీకి పంపించాను. ఇవాళ నన్నడిగి కిందికి వెళ్ళినవాళ్ళు ఏడుగురున్నారు. నలుగురివి కొట్టేశారు. వాళ్ళు రాకపోవడం కాదండీ, నేను పంపేశాను."

 బెంచి క్లర్కు కళ్ళు మూసుకున్నాడు, వీడి సంజాయిషీ ఇప్పుడు రెండు పేజీలవుతుంది అనుకుని ఉంటాడు. నంబర్లు గుర్తున్నాయా అని జడ్జిగారు అడిగారు. మైకు తడుముకోకుండా చెప్పాడు. ఉత్తర్వుల మీద సంతకాలు సాయంత్రం గానీ పెట్టనని, ఆ నాలుగూ రెండున్నరకి మళ్ళీ పిలుస్తామని జడ్జిగారు అన్నారు. మిగతా జాబితా బెంచి క్లర్కునే పిలవమన్నారు. బెంచి క్లర్కుది పీలగొంతు. ముప్ఫై రెండు అని అతను పిలిస్తే గుమ్మం కూడా దాటలేదు.

రెండు గంటలకి మరదలూ పిల్లా వచ్చారు. చెప్పిన టైముకి ఒక్క నిమిషం అటూ ఇటూ కాలేదు. మరదలి చేతుల మీద నిప్పురవ్వలు పడిన మచ్చలు, పిల్ల ఇంకా బడి దుస్తుల్లోనే ఉంది. వరండాలో బల్ల మీద మైకు ముసలాయన పక్కన కూర్చుని ఉన్నాడు, చేతిలో చల్లారిపోయిన టీ. వాళ్ళు ఆయన వంక చూడకుండా, అలవాటు ప్రకారం దాటిపోయి స్తంభం దగ్గర నిలబడ్డారు. 

ఆయనే లేచి వెళ్ళాడు. జరిగింది జరిగినట్టు చెప్పాడు, పదకొండూ ఇరవై దగ్గర నుంచి. రెండింటికి రమ్మన్న మాటకి తనని క్షమించమన్నాడు. మరదలు విన్నంతసేపూ విని, ఆయన ఛాతీ వైపు చూసింది, ఎర్ర పట్టీ ఉండే చోటు.

"ఈ కేసులో మీకేమీ వద్దన్నారుగా బావగారూ" అంది.

"డబ్బు వద్దన్నానమ్మా. వాడు నా తమ్ముడు కాడనలేదు" అన్నాడు మైకు. అని, ముఖం తిప్పుకుని కళ్ళు తుడుచుకున్నాడు.

 మరదలు ఆయనతో పాటే బల్ల దగ్గరికి వచ్చి పక్కన కూర్చుంది. పిల్ల అటు పక్కన కూర్చుంది. రెండున్నర అయ్యేసరికి లోపల బెంచి క్లర్కు పీలగొంతుతో ఎవర్నో పిలుస్తున్నాడు. ముసలాయన కర్ర ఆనించుకుని లేచి, నాదేనా, నాదేనా అని అడుగుతూ లోపలికి పోయాడు.

"వచ్చే వారం మనది ఎన్నింటికొస్తుంది పెదనాన్నా?" అని అడిగింది పిల్ల.

మైకు జాబితాలూ నంబర్లూ ఏవీ తలుచుకోలేదు.

"నాకు తెలీదే. పొద్దున్నే పదింటికి వచ్చి కూర్చుందాం, ముగ్గురం."